చెట్టిగారి మహజరు

తెనాలి బోసు రోడ్డులో ఒక బట్టల కొట్లో గుమాస్తాగా బతుకు వెళ్ళదీసినవాణ్ణి. పొద్దున్నే భట్టిప్రోలులో పాసింజరెక్కడం, కొట్టు తెరిచేసరికి చిట్టా ముందేసుకోవడం, రాత్రి నిలవ తేలాక మళ్ళీ బండెక్కడం. కంప్యూటరు వచ్చాక మర్యాదగానే ఇంటికి పంపారు. అప్పట్నించీ చదువుకునే తీరిక దొరికింది. వేటపాలెం సారస్వత నికేతనం మాకు దగ్గరే గనక పాత పుస్తకాలకి కొదవ లేదు. చదివేది కూడా ఎక్కువగా లెక్కల మనుషుల గురించే. పాత అలవాటు పోదు.

రాజకీయాల్లో లెక్కల మనిషి ఎవరని మా వైపు ఎవర్నడిగినా వేమూరు రోశయ్యగారి పేరే చెబుతారు. గుంటూరు హిందూ కాలేజీలో కామర్సు చదివి, ఆర్థికమంత్రిగా పదహారు బడ్జెట్లు చదివిన మనిషి. వేమూరు తెనాలి-రేపల్లె లైనులోనే ఉంది, మా బండి అక్కడ ఆగుతుంది. ఆయన్ని కాదనను. కానీ ఆయన పుట్టడానికి నూటపాతికేళ్ళకు పైగా ముందే మద్రాసులో పుట్టి, వర్తకం చేసి, ఆ వర్తకపు బుద్ధితోనే సర్కారుని లెక్క అడిగిన తెలుగువాడు ఇంకొకాయన ఉన్నాడు. గాజుల లక్ష్మీనరసు చెట్టి. 1806లో పుట్టి 1868లో పోయాడు. మా తాతముత్తాతలు శిస్తు కట్టలేక పడిన పాట్లు లండన్ పార్లమెంటు దాకా వెళ్ళాయంటే ఆ దారి వేసినవాళ్ళలో ఆయన ముందుంటాడు. తెనాలి, బాపట్ల, రేపల్లె మూడూళ్ళలోనూ ఈ పేరు చెప్పి చూశాను. గాజుల కొట్టు ఎవరిదని అడిగారు.

తండ్రి సిద్ధులు చెట్టి మద్రాసులో నీలిమందు, రుమాళ్ళ వర్తకుడు, గాజుల బలిజ కుటుంబం. చదువు కాగానే కొడుకు తండ్రి కొట్లోనే పని నేర్చుకున్నాడు. రుమాళ్ళంటే ఇవాళ జేబులో పెట్టుకునే గుడ్డ అనుకుంటారు. అది కాదు. ‘మద్రాసు రుమాలు’ అంటే గళ్ళ నేత తాను. రంగు నూలుతో నేసిన ఆ తానులు ఓడెక్కి లండన్ వేలంపాటలకీ, అక్కణ్ణించి పశ్చిమాఫ్రికా తీరానికీ వెళ్ళేవి. అక్కడి ఆడవాళ్ళు పెళ్ళిళ్ళకీ చావులకీ ఆ గుడ్డే కట్టేవారు. ఆ రకం నేత నేసే మగ్గాలు మా వేటపాలెం, చీరాల చుట్టుపక్కల నిండుగా ఉండేవి. వేటపాలెం పేరుతోనే విదేశీ వర్తకులు ఒక రకం రుమాలుని పిలిచేవారు. కొట్లో ఉండగా నేనూ గళ్ళ తానులు కొలిచాను. రంగు దిగే సరుకేదో, దిగనిదేదో చేత్తో పట్టుకుంటే చెప్పగలను.

మా తీరానికి ఈ గుడ్డల బేరం చెట్టిగారి తండ్రితో మొదలైంది కాదు. రేపల్లె కింద నిజాంపట్నం ఉంది, అప్పట్లో దొరలు పెద్దపల్లి పేరుని వాళ్ళ నాలుకకి తగ్గట్టు తిప్పి పెటపోలి అనేవారు. 1606లో డచ్చివాళ్ళు అక్కడ కొట్టు పెట్టారు. 1611లో ఇంగ్లీషు కంపెనీ ఓడ ‘గ్లోబ్’ వచ్చి లంగరేసింది. చిరువేరు అద్దకం ఎరుపు కోసం వచ్చినవాళ్ళే ఇద్దరూ. మద్రాసులో కోట లేచింది తర్వాత ఎప్పుడో, 1640 నాటికి. ఇంగ్లీషువాళ్ళు తూర్పు తీరంలో తక్కెడ పట్టుకున్న తొలి రేవుల్లో ఒకటి మాది. ఇప్పుడక్కడ రొయ్యలు, చేపలు ఎగుమతవుతాయి. కంపెనీవాళ్ళ గుర్తులేవీ మిగల్లేదు.

ఆ కంపెనీ సంగతి కొంచెం చెప్పాలి, ఎందుకంటే చెట్టిగారి కథ దానికి ఎదురు తిరిగిన కథ. కంపెనీ వర్తకం కోసం వచ్చింది. మెల్లగా ఊళ్ళు, జిల్లాలు, సైన్యాలు సంపాదించింది. 1813లో హిందూదేశంతో వర్తకం చేసే గుత్తహక్కు పోగొట్టుకుంది. 1833 చార్టరుతో వర్తకమే మానేసింది. అంగడి మూసి, శిస్తు వసూలు చేసుకునే సర్కారుగా మాత్రమే మిగిలింది. అప్పటికి చెట్టిగారికి ఇరవై ఏడేళ్ళు. కంపెనీ వదిలేసిన వర్తకం చాలావరకు ఏజెన్సీ హౌసుల దొరల చేతికి పోయినా, కొంత నేటివు వర్తకుల చేతికీ వచ్చింది. చెట్టిగారు బాగా గడించాడు. అంటే ఒకే కాలంలో ఇద్దరు వర్తకులు రాజకీయంలోకి వచ్చారన్నమాట. ఒకరు తక్కెడ వదిలేసి కొరడా పట్టారు. ఇంకొకరు తక్కెడ చేత పట్టుకునే కచేరీ గుమ్మం ఎక్కారు. చెట్టిగారి గురించి నేను చెప్పదలుచుకున్నది ప్రధానంగా ఇదే. ఆయన్ని దేశభక్తుడనీ, స్వాతంత్ర్య సమరానికి ఆద్యుడనీ పొగిడే రాతలు ఉన్నాయి. పొగడనివ్వండి. నాకు మాత్రం ఆయన చేసిన ప్రతి పనిలోనూ ఒక కొట్టు మనిషి కనిపిస్తాడు.

1844లో ‘క్రెసెంట్’ అనే ఇంగ్లీషు పత్రిక పెట్టాడు. మద్రాసులో హిందువుల తరఫున మాట్లాడటానికి పుట్టిన పత్రిక అది. ఎడిటరుగా ఎడ్వర్డ్ హార్లీ అనే ఇంగ్లీషువాణ్ణి పెట్టుకున్నాడు. ఇదీ వర్తకుడి యుక్తే. దొర మీద ఫిర్యాదు దొర చేతే దొర భాషలో రాయిస్తే కోటలో చదవక తప్పదు. గవర్నరు ట్వీడేల్ ప్రభువు హయాం అది. ప్రభుత్వ గెజెట్‌లో పత్రిక గురించి ప్రకటన వేసుకుంటానంటే వెయ్యనివ్వలేదు. మిగతా పత్రికలకున్న వెసులుబాటు దీనికి లేకుండా చేశారు. డబ్బు చెట్టిగారి జేబులోంచే పోయింది. నష్టం వచ్చే వ్యాపారం అని తెలిసీ మూయకపోవడం ఒక్కటే ఆయన వర్తకంలో నాకు అర్థం కాని పద్దు.

పత్రిక పెట్టడానికి తక్షణ కారణం మతం. ట్వీడేల్ హయాంలో సర్కారు ఉద్యోగాలకీ, సర్కారు బడికీ బైబిలు చదువు ముడిపెట్టాలని చూశారు. మిషనరీలకి కోటలో పలుకుబడి పెరిగింది. 1846 అక్టోబరులో మద్రాసు హిందువులు పెద్ద సభ పెట్టి లండన్‌కి మహజరు, అంటే సంతకాల అర్జీ, పంపారు. ముందు నిలబడ్డది చెట్టిగారు. బడిలో బైబిలు ప్రయత్నం ఆగింది. ఇక్కడి దాకా ఆయన పక్షానే ఉంటాను.

రెండో గొడవలో ఉండను. మతం మారినవాడికి పిత్రార్జితంలో వాటా పోకూడదని కంపెనీ చట్టం తేవడానికి పూనుకుంది, 1850లో తెచ్చింది కూడా. చెట్టిగారు, ఆయన తోటివాళ్ళు గట్టిగా అడ్డుకున్నారు. మా వైపు చూస్తే ఈ తగాదా వేరేగా కనిపిస్తుంది. 1842లో అమెరికా నుంచి లూథరన్ మిషనరీ హేయర్ గుంటూరు వచ్చాడు. కలెక్టరు స్టోక్స్ ఆయన్ని ఆదరించి చోటిచ్చాడు. ఆ తర్వాత కృష్ణా కాలువల కింద మాల మాదిగ పేటల్లో మందిరాలూ బళ్ళూ లేచాయి. నా చిన్నప్పుడు భట్టిప్రోలులో మొదటిసారి చదువుకున్న ఇళ్ళు కొన్ని ఆ పేటలోవే. తండ్రికి ఆస్తే లేనివాడికి వాటా తగాదా లేదు గానీ, ఆస్తి ఉండి మతం మారినవాడిని కుటుంబం వీధిన పడేస్తే అడిగే హక్కుండాలి కదా. చెట్టిగారి మనసు ఆ వాటాదారు వైపు పోలేదు. ఉన్నవాళ్ళ ఇంటి ఆచారం వైపే పోయింది. ఆయన మనిషే, ఆయన కాలం మనిషి, ఆయన వీధి మనిషి.

ఇక అసలు పనికి వస్తాను. 1852 ఫిబ్రవరి 26న చెట్టిగారి చొరవతో మద్రాసు నేటివ్ అసోసియేషన్ పుట్టింది. దక్షిణాదిన అచ్చమైన రాజకీయ సంఘం ఇదే మొదటిది. మొదట కలకత్తా బ్రిటిష్ ఇండియన్ అసోసియేషన్‌కి శాఖగా అనుకున్నారు. కొన్నాళ్ళకే విడిపోయారు. కలకత్తావాళ్ళలో జమీందార్లు ఎక్కువ, వాళ్ళు సర్కారుకి కట్టే పేష్కషు శాశ్వతంగా ఒకటే. మద్రాసు రాజధానిలో, అంటే ప్రెసిడెన్సీలో, సర్కారు నేరుగా రైతు పంటలోకి చెయ్యి పెడుతోంది. రెండు ఖాతాలు ఒక పుస్తకంలో ఇమడవని చెట్టిగారికి వెంటనే తెలిసింది.

1852లోనే ఎందుకంటే, కంపెనీ చార్టరు ఇరవై ఏళ్ళకోసారి తిరగరాసుకోవాలి. 1833ది 1853లో తిరగరాయాలి. కౌలు తీరే ముందే కౌల్దారు మీద చెప్పాల్సింది భూస్వామితో చెప్పాలి. తర్వాత చెబితే ఇరవై ఏళ్ళు ఆగాలి. ఇంత చిన్న సంగతి పట్టుకోవడానికి పెద్ద చదువక్కర్లేదు, కొట్లో కూర్చున్న అనుభవం చాలు. ఆ ఏడాది చివర్లో మహజరు లండన్‌కి వెళ్ళింది. శిస్తు భారం, వసూళ్ళలో దుర్మార్గం, కోర్టుల్లో ఆలస్యం, ఖర్చు, రోడ్లకీ కాలువలకీ వంతెనలకీ సర్కారు పైసా విదల్చకపోవడం, చదువుకి పెట్టేది దాదాపు ఏమీ లేకపోవడం. ఏయే జిల్లాల నుంచి ఎంత వస్తోంది, జనానికి తిరిగి ఎంత పోతోంది అని అడిగే ధోరణి అది. దయ చూడమని ఏడవలేదు. జమా ఇంత, ఖర్చు ఇంత, తేడా ఎక్కడికి పోయింది అని అడిగారు. 1853 ఫిబ్రవరిలో ఎలెన్‌బరో ప్రభువు దాన్ని ప్రభువుల సభలో పెట్టాడు.

పార్లమెంటు మహజరు విన్నది, కంపెనీకి చార్టరు మళ్ళీ ఇచ్చేసింది. ఈసారి గడువు పెట్టలేదు, పార్లమెంటు వేరే మాట అనేదాకా అని రాసింది. ఇష్టమైనప్పుడు ఖాళీ చేయించొచ్చన్నమాట. అందులో చెట్టిగారి వాటా ఎంతో తూచి చెప్పలేం గానీ, కొంత ఉంది.

అదే ఏడు అక్టోబరులో హెన్రీ డాన్బీ సీమోర్ అనే పార్లమెంటు సభ్యుడు మద్రాసులో దిగాడు. ఇండియా రిఫార్మ్ సొసైటీ పెద్ద ఆయన. చెట్టిగారు, సంఘంవాళ్ళు ఆయనకి స్వాగతం చెప్పి, శిస్తు కోసం జనాన్ని హింసిస్తున్న చోట్లు కళ్ళతో చూడమని తిప్పారు. కడలూరు, కుంభకోణం వైపు చూపించారు. గుంటూరూ చూపించారు. అప్పటికి ఇటు రైలు లేదు. మద్రాసు రాజధానిలో మొదటి రైలుబండి కదిలిందే 1856లో. అయినా దక్షిణాన ఉన్న ఆ ఊళ్ళతో పాటు ఇంత ఎగువన ఉన్న గుంటూరుని ఎందుకు ఎంచుకున్నారో ఈ జిల్లా చరిత్ర తెలిస్తే అర్థమవుతుంది.

ఇరవై ఏళ్ళ కిందటే గుంటూరు చచ్చి బతికింది. 1832-33, నందన నామ సంవత్సరం. డొక్కల కరువు అన్నారు. జిల్లాలో ఉన్నది అయిదు లక్షల జనమైతే రెండు లక్షల దాకా పోయారని పాత లెక్కలు. మా నాయనమ్మకి ఆ కరువు తెలియదు, ఆవిడ నాయనమ్మ చెప్పిన మాటలు తెలుసు. అన్నం పారెయ్యబోతే ‘డొక్కలెండిన కాలం మళ్ళీ వస్తుందే’ అని తిట్టేది. కృష్ణ పక్కనే పారుతున్నా పొలానికి నీళ్ళెక్కవు. తీరం వెంట ఓడల్లో గింజలు తెచ్చినా దించిన చోట నుంచి లోపలికి మొయ్యడానికి రోడ్డు లేదు, ఎద్దులు చచ్చాయి. మహజరులో రోడ్ల గురించీ కాలువల గురించీ అన్ని పంక్తులు ఎందుకున్నాయో తెలియాలంటే 1833లో మా రేవులు ఎలా ఉండేవో ఊహించుకోవాలి.

కరువు తర్వాత జమీందార్లు పేష్కషు బాకీ పడ్డారు. వాసిరెడ్డి, మల్రాజు వంటి పెద్ద సంస్థానాలు జప్తయ్యాయి. రైతుకి జమీందారు పోయి సర్కారు వచ్చింది. వసూలు పద్ధతి వీసబడి. ఊరికంతటికీ కలిపి ఇంత అని కట్టి, ఆ మొత్తాన్ని ఊళ్ళోవాళ్ళు వీసాల లెక్కన పంచుకోవాలి. వినడానికి న్యాయంగానే ఉంటుంది. ఒకడు కట్టలేకపోతే వాడి వంతు మిగతావాళ్ళ మీద పడుతుంది. అందుకని బాకీదారుణ్ణి పిండే పనిలో ఊరి పెద్దలే సర్కారుకి సాయం. పైన తాసీల్దారు, ఆ పైన హుజూరు కచేరీ శిరస్తాదారు, అంటే కలెక్టరు కచేరీలో పెద్ద గుమాస్తా. కలెక్టర్లు మారేవారు, శిరస్తాదారు మారేవాడు కాదు. చుట్టాలూ బంధువులూ అన్ని మేజాల దగ్గరా నిండిపోయారు. లెక్కలు ఇంగ్లీషులో ఒక రకం, మరాఠీ మోడీ లిపిలో ఇంకో రకం. 1845లో ఈ లెక్కలు తిరగెయ్యడానికి వాల్టర్ ఎలియట్‌ని ప్రత్యేకంగా పంపారు. అమరావతి స్తూపం దగ్గర తవ్వించి చలువరాతి శిల్పాలు బయటికి తీసిన ఎలియట్ ఈయనే. స్తూపం తవ్వకం తొందరగానే తేలింది, శిరస్తాదారు లెక్కలు తవ్వితే అంతు చిక్కలేదు.

ఈ కచేరీల్లో బాకీ వసూలుకి వాడిన పద్ధతులు రాయాలంటే చెయ్యి ఆడదు గానీ, చెప్పకుండా చెట్టిగారి పని విలువ తెలియదు. వేళ్ళ సందున చిరతలు పెట్టి బిగించడం. మధ్యాహ్నపు ఎండలో వంగబెట్టి వీపు మీద బండ ఎత్తడం. జుట్టు గాడిద తోకకో, బర్రె తోకకో కట్టడం. తిండీ నీళ్ళూ లేకుండా చావిట్లో కూర్చోబెట్టడం. శిస్తు వసూలు చేసే తాసీల్దారే పోలీసు అధికారి కూడా. తన్నినవాడి మీద తన్నినవాడికే ఫిర్యాదు చెయ్యాలి. బాకీ రూపాయిలోపు ఉన్నవాడూ ఇవన్నీ పడ్డాడు.

1854 జూలైలో కామన్స్ సభలో ఈ మాట లేచింది. కంపెనీ పక్షం వాళ్ళు అంతా కట్టుకథన్నారు. అయినా విచారణ తప్పలేదు. ఆ సెప్టెంబరులో మద్రాసు ప్రభుత్వం ముగ్గురితో సంఘం వేసింది. ఇ.ఎఫ్. ఎలియట్, హెచ్. స్టోక్స్, లాయరు జాన్ బ్రూస్ నార్టన్. ఈ ఎలియట్ వేరు, అమరావతి ఎలియట్ వేరు. స్టోక్స్ మాత్రం మనకి తెలిసినవాడే, హేయర్‌కి చోటిచ్చిన గుంటూరు కలెక్టరు. కలెక్టరు కచేరీల మీద ఫిర్యాదులు వినడానికి కూర్చున్న ముగ్గురిలో ఒకరు అదే కుర్చీ నుంచి లేచి వచ్చినవాడు. ఇలాంటివి మన కాలంలోనూ చూస్తున్నాం గనక ఆశ్చర్యం లేదు. ఆశ్చర్యమేమిటంటే నివేదిక నిజం చెప్పింది. 1855లో వెలువడింది. శిస్తు కోసం హింస రాజధాని అంతటా నడుస్తోందని ఒప్పుకుంది. దూరాభారం ఓర్చుకుని మూడు నెలల్లో పందొమ్మిది వందల పైన ఫిర్యాదులొచ్చాయి. తప్పంతా కింది నేటివు నౌకర్లదేననీ, దొరలకి తెలిసి జరగలేదనీ కూడా రాసుకున్నారు. అది వాళ్ళ పద్దు. ఆ నివేదిక లండన్‌లో నీలి పుస్తకంగా అచ్చయింది. 1857లో సిపాయిల హింస గురించి ఇంగ్లండు పత్రికలు గగ్గోలు పెడుతున్నప్పుడు కార్ల్ మార్క్స్ ఆ నీలి పుస్తకం తిరగేసి, అమెరికాలో ‘న్యూయార్కు డైలీ ట్రిబ్యూన్’కి వ్యాసం రాశాడు. మా రైతుల చిరతల కథ అలా న్యూయార్కు కాఫీ హోటళ్ళకి చేరింది. మా కృష్ణా తీరంలో మార్క్స్ పేరు వినబడటానికి ఇంకో డెబ్భై ఏళ్ళు పట్టింది.

ఫలితాలు పుస్తకాల్లో ఒక్క పేరాలో తేల్చేస్తారు. నేనలా తేల్చను, ఎందుకంటే అవి ఇవాళ తెనాలి వీధుల్లో కనిపిస్తాయి. 1859లో మద్రాసు పోలీసు చట్టం వచ్చింది. రెవెన్యూ వేరు, పోలీసు వేరు అయ్యాయి. తాసీల్దారు నడుమునుంచి లాఠీ ఊడింది. అదే ఏడు గుంటూరు జిల్లాని రద్దు చేసి కృష్ణాలో కలిపేశారు, మళ్ళీ 1904 దాకా జిల్లా లేదు. పోలీసులు మంచివాళ్ళయ్యారని నేననడం లేదు. 1942 ఆగస్టు 12న తెనాలి స్టేషను దగ్గర కాల్పుల్లో ఏడుగురు పోయారు, రణరంగ చౌకులో వాళ్ళ స్తూపాలున్నాయి. కానీ శిస్తు బాకీకి, వాయిదా దాటిన బాకీకి మనిషిని వంగబెట్టి రాయి ఎత్తే హక్కు మాత్రం ఆనాడే పోయింది.

కాలువల ముచ్చట కూడా ఇక్కడే. బెజవాడ దగ్గర కృష్ణ మీద ఆనకట్ట 1855లో పూర్తయింది. చెట్టిగారి మహజరు వల్లే కట్టారంటే అబద్ధం, కాటన్ దొర, కెప్టెన్ ఆర్ అంతకు ముందే పూనుకున్నారు. అయితే కాలువ తవ్వితే శిస్తు దానంతటదే పెరుగుతుందని కంపెనీ గ్రహించిందీ, పనులకి డబ్బు పెట్టరేమని మద్రాసు వర్తకులు గొంతెత్తిందీ ఒకే కాలం. పడమటి డెల్టాకి నీళ్ళొచ్చాయి. కొమ్మమూరు కాలువ, నిజాంపట్నం కాలువ. పల్లెగా ఉన్న తెనాలి పట్నమైంది. డొక్కల కరువు నేల మీద వరి పండింది. మా కొట్టు ఆ వరి డబ్బు మీదే బతికింది. సంక్రాంతి ముందు రైతు చేతిలో ధాన్యం సొమ్ము పడితేనే మా చిట్టాలో జమా వైపు నిండేది.

1855లో సంఘం ఇంకో మహజరు పంపింది, పద్నాలుగు వేల సంతకాలతో. ఈసారి అడిగింది సూటిగా: కంపెనీని తీసేసి, రాణి ప్రభుత్వమే నేరుగా ఏలాలి. మూడేళ్ళకి, 1857 నెత్తురు పారాక, అదే జరిగింది. తర్వాత సంఘం చల్లబడింది. సభ్యుల్లో భయం పుట్టిందో, విసుగు పుట్టిందో. చెట్టిగారికి మాత్రం సర్కారు గౌరవాలు మొదలయ్యాయి. స్టార్ ఆఫ్ ఇండియా బిరుదిచ్చారు. 1863లో మద్రాసు శాసనసభకి నియమించారు. 1861 చట్టంతో గవర్నరు సభలో నేటివులకి చోటు దొరికింది, లాయరు సదగోపాచార్యులు పోయాక ఆ కుర్చీ చెట్టిగారికి వచ్చింది. ఎన్నికలు లేవు, గవర్నరు పిలిస్తే వెళ్ళి కూర్చోవాలి. అందులో ఒక వింత ఉంది. ఆ సభలో చట్టాల ముసాయిదాల మీదే మాట్లాడాలి. ప్రశ్నలు అడగకూడదు. బడ్జెట్టు మీద నోరెత్తకూడదు. జమా ఖర్చులు అడిగీ అడిగీ ఆ సభలో చోటు సంపాదించిన మనిషికి, ఆ సభలో అడగకూడని సంగతుల్లో జమా ఖర్చులూ చేరాయి. బడ్జెట్టు చర్చించనిచ్చింది 1892 చట్టం. దాని మీద ఓటు వేసే హక్కు ఇంకా తర్వాతిది.

నీలిమందులో, గళ్ళ తానుల్లో సంపాదించిందంతా పత్రికకీ, సభలకీ, మహజర్లకీ, లండన్ ఖర్చులకీ కరిగిపోయింది. వ్యాపారంలో దెబ్బలూ తగిలాయి. 1868లో పోయేనాటికి చేతిలో ఏమీ లేదంటారు. అప్పుల్లో పోయిన వర్తకుణ్ణి బజారు తొందరగా మర్చిపోతుంది. ఇది నేను కొట్లో చూసిందే. ఎంత పెద్ద సేటు పోయినా పదోరోజుకి ఆయన ఖాతా మూసి ఆవర్జాలో అడ్డగీత గీసేవాళ్ళం.

కానీ చెట్టిగారిని మర్చిపోయింది బజారు ఒక్కటే కాదు. సంఘం స్థానంలో 1884లో మద్రాస్ మహాజన సభ వచ్చింది, దాని మొదటి అధ్యక్షుడు రంగయ్య నాయుడు, అదీ తెలుగు పేరే. ఆ మరుసటి ఏడే కాంగ్రెసు. 1913 మేలో మా బాపట్లలో మొదటి ఆంధ్ర మహాసభ జరిగింది, బయ్యా నరసింహేశ్వర శర్మ అధ్యక్షుడు. తెలుగు జిల్లాలకి వేరే రాష్ట్రం కావాలన్న మాట అక్కణ్ణించి ఊరూరా పాకింది. నలభై ఏళ్ళకి, 1953 అక్టోబరు 1న, రాష్ట్రం వచ్చింది, మద్రాసు రాలేదు. మద్రాసుతో పాటు ఆ ఊళ్ళో పుట్టి, ఆ ఊళ్ళో పోయిన మన మనుషులూ అక్కడే ఉండిపోయారు. తమిళులకి లక్ష్మీనరసు తెలుగు చెట్టి. మనకి ఆయన మద్రాసు చెట్టి. కాశీయాత్ర రాసిన ఏనుగుల వీరాస్వామయ్యగారు కూడా మద్రాసువారే, కానీ ఆయన తెలుగులో పుస్తకం రాసిపెట్టాడు గనక బతికాడు, 1838లో ఆ పుస్తకం అచ్చు వేయించిన కోమలేశ్వరపురం శ్రీనివాసపిళ్ళెకి మొక్కాలి. చెట్టిగారు రాయించినవన్నీ ఇంగ్లీషు కాగితాలు, లండన్‌కి పోయినవి.

ఊళ్ళ కూడళ్ళలో నిలబెట్టే విగ్రహాలు ఎన్నో తెనాలి శిల్పులు చేసి పంపినవే. బేరానికి వచ్చే పార్టీల మనుషులు రోజూ కనిపిస్తారు. చెట్టిగారిది చెయ్యమని ఎవరూ రాలేదు. వస్తే శిల్పికి ఒక మాట చెబుదామని ఉంది: ఎత్తిన చెయ్యి పెట్టొద్దు, చేతిలో సంతకాల కాగితాల కట్ట పెట్టు, చూపు మాత్రం అంకె వేస్తున్నట్టు కిందికి ఉండనీ.